కానుగ చెట్టు వంగింది సరే, ఆ అమ్మాయి ఏమంది?

మదురై, తిరునెల్వేలి, కోవిల్‌పట్టి వైపు నుంచి వచ్చి చెన్నైలో స్థిరపడిన తెలుగు కుటుంబాల్లో పెద్దవాళ్లని కాస్త కదిలిస్తే చాలు, ఒక కథ బయటికొస్తుంది. వివరాలు ఇంటింటికీ మారతాయి గానీ కథ ఒకటే. ఉత్తరాన ఎక్కడో మనవాళ్లు బాగా బతుకుతున్నారు. వాళ్లింట్లో చక్కని చుక్క లాంటి పిల్ల. ఆ దేశాన్నేలే పరాయి రాజు కన్ను ఆ పిల్ల మీద పడింది, నాకిచ్చి పెళ్లి చెయ్యమన్నాడు. ఇవ్వమంటే ప్రాణాలు దక్కవు, ఇస్తే పరువు దక్కదు. రాత్రికి రాత్రే మూటాముల్లే సర్దుకుని దక్షిణానికి బయల్దేరారు. ఎదురుగా పొంగుతున్న ఏరు, వెనకాల తరుముకొస్తున్న గుర్రాలు. దేవుణ్ణి తలచుకోగానే రెండు గట్ల మీదున్న కానుగ చెట్లు వంగి ఒకదాన్నొకటి అందుకున్నాయి. మనవాళ్లు వాటి మీదుగా దాటేశారు, చెట్లు మళ్లీ నిటారుగా నిలబడ్డాయి, రాజు మనుషులు అవతలి గట్టునే ఉండిపోయారు.

ఇది ఏ ఒక్కరి ఇంటి కథా కాదు. చెన్నైలోని ఎగ్మూరు మ్యూజియం సూపరింటెండెంటుగా పనిచేసిన ఎడ్గర్ థర్‌స్టన్ 1909లో దక్షిణ భారత కులాలు, తెగల మీద ఏడు సంపుటాలు వేశాడు. వాటిలో తమిళదేశంలో స్థిరపడిన తెలుగు కులం తొట్టియ నాయకర్ల గురించి రాసినచోట ఈ కానుగ చెట్ల కథ ఉంది, అందుకే వాళ్లు ఆ చెట్టును పవిత్రంగా చూస్తారని కూడా ఉంది. వీరపాండ్య కట్టబొమ్మన్ వాళ్లలోనివాడే. కమ్మవారి ఇళ్లలో ఇదే కథ వేరే పేర్లతో వినిపిస్తుంది.

చరిత్ర మాత్రం ఇంత ఉత్కంఠగా ఉండదు. విజయనగర రాజుల కాలంలో, ఆ తర్వాత మదురై నాయకుల పాలనలో, సైనికులుగా, పాలెగాళ్లుగా, నల్లరేగడి నేలల్ని సాగులోకి తెచ్చిన రైతులుగా తెలుగువాళ్లు దఫదఫాలుగా తరాల తరబడి వచ్చారు. కొందరు నిజంగానే ప్రాణభయంతో వచ్చి ఉంటారు. ఎక్కువమంది భూమి కోసం, కొలువు కోసం వచ్చారు. అంత పొడుగు వలసను మన కథ ఒక్క రాత్రికి కుదించేసింది. బతుకుతెరువు కోసం వచ్చామని చెప్పుకుంటే ఏముంది, అది అందరూ చేసేదే, పరువు కోసం వచ్చామంటే పది తరాలు తలెత్తుకుని చెప్పుకోవచ్చు. జానపద కథ జరిగినదాన్ని గుర్తుపెట్టుకోవడం కంటే ఎక్కువగా, జరిగినదానిలో దేన్ని చూసి గర్వపడాలో మనకి నేర్పుతుంది. నా దృష్టిలో దాని అసలు బలం అదే, దానితో వచ్చే ప్రమాదమూ అదే.

ప్రమాదం ఎందుకంటున్నానంటే, ఈ కథలో అందరూ మాట్లాడతారు. రాజు అడుగుతాడు, తండ్రి కాదంటాడు, పెద్దలు ఆలోచన చేస్తారు, చెట్టు కూడా మొర వింటుంది. ఎవరి కోసం ఊరు ఊరంతా కదిలిందో ఆ పిల్ల మాత్రం నేను విన్న ఏ ఇంటి కథలోనూ నోరు విప్పదు. ఇది కథ దగ్గరే ఆగితే నాకంత బాధ ఉండేది కాదు. కులం బయట పెళ్లి చేసుకుంటానన్న ఒక డిగ్రీ చదివిన అమ్మాయితో, "ఇందుకేనా మన పెద్దోళ్లు ఊళ్లొదిలేసి ఏరు దాటి వచ్చింది" అని ఇంట్లోవాళ్లు అన్న మాట నేను పక్కనే కూర్చుని విన్నాను. ఎప్పటిదో వలస కథ ఇప్పటి అమ్మాయి నోరు మూయించడానికి పనికొచ్చింది. సంస్కృతి, అస్తిత్వం అని మనం పెద్దపెద్ద మాటలు వాడతాం గానీ, ఇళ్లల్లో అవి పనిచేసేది ఇలాగే.

చెన్నై జార్జిటౌన్‌లో కన్యకా పరమేశ్వరి ఆలయానికి వెళ్తే ఇంకో రకం కథ కనిపిస్తుంది. పెనుగొండ వాసవిని రాజు విష్ణువర్ధనుడు కోరాడు, ఆమె ఒప్పుకోలేదు, 102 గోత్రాల వాళ్లు ఆమెతో పాటు అగ్నిప్రవేశం చేశారు అని ఆర్యవైశ్యులు చెప్పుకుంటారు. ఇవాళ్టికీ పెళ్లి సంబంధం చూసేటప్పుడు ఆ గోత్రాల లెక్కే ముందు వస్తుంది, ఒక కథ అంత గట్టిగా సమాజాన్ని పట్టుకుంది. ఇక్కడ తేడా ఏమిటంటే వాసవి మాట్లాడుతుంది, నిర్ణయం తనది, తన వాళ్లకి తనే చెబుతుంది. ఆ మాట చివరికి ఆమెని మంటల్లోకే తీసుకెళ్లిందన్నది నన్ను ఎప్పుడూ కలతపెడుతుంది. కానీ కథలో ఆమె గొంతైతే ఉంది.

మరి మాట్లాడే చోటు దొరకని ఆడవాళ్లు ఎక్కడికి పోయారు? ఎ.కె. రామానుజన్ 1991లో తెచ్చిన భారతీయ జానపద కథల సంపుటంలో ఒక తమిళ కథ ఉంది. ఇద్దరు కొడుకులు, ఇద్దరు కోడళ్లు కలిసి సతాయిస్తుంటే ఒక ముసలావిడ ఎవరికీ చెప్పుకోలేక అన్నీ లోపలే దాచుకుని లావెక్కిపోతుంటుంది, దానికీ వెక్కిరింతే. ఒకరోజు ఊరి చివర కప్పు లేని పాడుబడ్డ ఇంట్లోకి వెళ్లి, ఒక గోడ ముందు నిలబడి పెద్దకొడుకు గురించి చెబుతుంది. ఆ బరువుకి గోడ కూలిపోతుంది, ఆవిడ ఒళ్లు కాస్త తేలికవుతుంది. ఒక్కో గోడకి ఒక్కొక్కరి గురించి చెప్పుకుని నాలుగు గోడలూ కూలాక ఇంటికి వెళ్లిపోతుంది. కథ అంతే. కొడుకులు మారలేదు, కోడళ్లు క్షమాపణ అడగలేదు. ఆవిడ మాత్రం చెప్పేసింది. కానుగ చెట్టు కథ నలుగురిలో చెప్పుకునేది, ఇది ఎవరూ లేనప్పుడు చెప్పుకునేది. మనల్ని ఈ రెండూ కలిసే తయారు చేశాయి, మనం భద్రపరచుకున్నది మాత్రం మొదటిదాన్నే.

భద్రపరచుకోవడంలో కూడా ఎవరిని అడిగారన్నదే ముఖ్యం. చెన్నైలోని ప్రాచ్య లిఖిత గ్రంథాలయంలో ఉన్న కైఫీయతులే, అంటే ఊళ్ల చరిత్ర రాసిన కాగితాలే చూడండి. ఈస్టిండియా కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ దగ్గర పనిచేసిన ఏలూరు తెలుగువాళ్లు కావలి వెంకట బొర్రయ్య, ఆయన తమ్ముడు లక్ష్మయ్య, వాళ్లతో పాటు తిరిగిన పండితులు ఊరూరా కథలు, వంశావళులు, శాసనాలు సేకరించారు. బొర్రయ్య 1803లో చిన్న వయసులోనే పోయాడు, లక్ష్మయ్య ఆ పని కొనసాగించాడు. వాళ్లు లేకపోతే మన గ్రామాల గతం చాలావరకు గాలికి పోయేది, ఆ రుణం తీరేది కాదు. కానీ ఊళ్లోకి వెళ్లగానే వాళ్లు ఎక్కువగా అడిగింది కరణాన్ని, పూజారిని, గ్రామ పెద్దని. ఏతమెత్తేవాడినీ నాట్లేసే ఆవిడనీ కూర్చోబెట్టి అడగడం ఆ పని పద్ధతిలో లేదు. ఇవాళ కుల సంఘాల సావనీర్లు తిరగేసినా తీరు అదే. ముందు అధ్యక్షుడి సందేశం, తర్వాత వంశం గొప్పలు, ఆడవాళ్లకి చివర్లో వంటల పేజీ.

1947 జులైలో ఈ నగరం నుంచే తెలుగులోనూ తమిళంలోనూ మొదలైన ‘చందమామ’ జానపద కథల్ని అందరిళ్లకీ చేర్చింది, ఒకే కథని రెండు భాషల పిల్లలూ చదువుకున్నారు. చాలా గొప్ప పని. అచ్చులో కథ మిగిలింది, చెప్పిన మనిషి మిగల్లేదు.

విల్లివాక్కంలో మా పక్క వాటాలో ఒక అవ్వ ఉండేది. కోవిల్‌పట్టి దగ్గర పల్లెటూరు, భర్తకి పెరంబూరు రైలు పెట్టెల ఫ్యాక్టరీలో ఉద్యోగమొస్తే పెళ్లయిన కొత్తలో ఈ ఊరొచ్చింది. మునగాకు దూస్తూ కానుగ చెట్టు కథ చెప్పేది, చెట్టు వంగేచోట చేతిలో రెమ్మనే వంచి చూపించేది. అంతా అయ్యాక, "ఆ బిడ్డ ఏమనుకునిందో ఎవురన్నా అడిగినారా?" అని తనే అనేది. ఆ ఒక్క ప్రశ్నా ఆవిడ సొంతంగా కలిపింది. తర్వాత తన కథలోకి వచ్చేది. రేకుపెట్టె పట్టుకుని ఎగ్మూరులో రైలు దిగడం, ఇక్కడి తమిళం వేగం అందక మొదట్లో గుమ్మం దాటకపోవడం, వీధి కుళాయి దగ్గర బిందెల వరసలో గొడవపడీ గొడవపడీ మాట నేర్చుకోవడం. నీళ్ల కోసం తనతో పోట్లాడిన ఆవిడే తర్వాత తన కాన్పుకి తోడొచ్చిందట. మన సంఘాల చరిత్రలో ఈ కుళాయి ఎక్కడా ఉండదు. చెన్నైలో తెలుగు ఇల్లాలు చెన్నై మనిషిగా ఎలా మారిందో నాకు ఇంతకంటే బాగా చెప్పిన చరిత్ర పుస్తకం ఒక్కటీ కనిపించలేదు.

ఆ అవ్వ తన మనవడికి ఇదంతా సగం తమిళంలో చెప్పేది. ఇక్కడే మనవాళ్లకి టెన్షన్ మొదలవుతుంది. 2011 జనాభా లెక్కల ప్రకారం తమిళనాడులో తెలుగు మాతృభాష అని రాయించుకున్నవాళ్లు సుమారు 42 లక్షలు. 2006 నాటి తమిళం తప్పనిసరి చట్టం తర్వాత బడుల్లో తెలుగు ఇంకా తగ్గింది, బడుల్లో తెలుగు కోసం చేసే పోరాటం న్యాయమైనదే, నేనూ దాని పక్షమే. కానీ కథ తెలుగులో ఉంటేనే తెలుగు కథ అన్న పట్టుదల నాకు నచ్చదు. ఇంట్లో తెలుగు మాట్లాడే కమ్మవారి కుటుంబంలో పుట్టిన కి. రాజనారాయణన్ ఆ వలస కథనే ‘గోపల్ల గ్రామం’ అని 1976లో తమిళంలో నవలగా రాశారు. దాని కొనసాగింపుకే 1991లో సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. ఆయన రాసింది మన కథే. పైగా ఆ నవలలో వలస కథను చెప్పేది ఇంట్లో పండు ముసలి అవ్వ, సంఘం అధ్యక్షుడు కాదు.

కాబట్టి ఉగాది సభల్లో శాలువాలకి పెట్టే ఖర్చులో కొంత ఇలాంటి ఆడవాళ్ల కథలు రికార్డు చేసే పనికి పెట్టమని సంఘాలని అడుగుతున్నాను. ఫోన్‌లో రికార్డు చెయ్యడానికి పెద్ద ఖర్చేం కాదు, ఓపిగ్గా కూర్చునే పిల్లలు కావాలి. నేరుగా "మీ కథ చెప్పండి" అంటే ఆడవాళ్లు చాలామంది "నాకేం కథుంది నాయనా" అనేస్తారు, పక్కనున్న మగవాళ్లు అందుకుని చెప్పడం మొదలుపెడతారు. నీళ్లు ఎక్కణ్ణుంచి తెచ్చుకునేవాళ్లు, సంబంధం కుదిర్చేటప్పుడు నిన్నెవరైనా అడిగారా, మొదటిసారి ఒంటరిగా బస్సెక్కి ఎక్కడికెళ్లావు, ఇలా అడగాలి. జవాబు ఏ భాషలో వస్తే ఆ భాషలోనే, కలిపి మాట్లాడితే కలిపే, దిద్దకుండా రాసుకోవాలి. ఇంటి పరువుకి బాగుండదని ఎవరైనా తీసెయ్యమంటే, ఆ మాట చెప్పినావిడ ఒప్పుకుంటే తప్ప తియ్యకూడదు.