నాలుకకు చికిత్స పొందిన ప్రొఫెసరు గారిపై ఒక ఫిర్యాదు

పరీక్ష తప్పినవారిని ఓదార్చడానికి లోకంలో చాలామంది ఉన్నారు గానీ, పరీక్ష పెట్టి భంగపడినవారి తరఫున నాలుగు మాటలు రాసే నాథుడు లేడు. ఆ లోటు తీర్చే సదుద్దేశంతోనే జెనీవా స్మిథర్‌మన్ అనే అమెరికన్ భాషాశాస్త్రవేత్త మీద ఈ ఫిర్యాదు దాఖలు చేస్తున్నాను. ఆమె 1940లో టెనెసీ రాష్ట్రంలోని బ్రౌన్స్‌విల్‌లో, పాలుకు సేద్యం చేసుకునే నల్లజాతి కుటుంబంలో పుట్టారు. కుటుంబం ఉత్తరాదికి వలస పోవడంతో డెట్రాయిట్‌లో చదువుకుని, బడిపంతులమ్మ కావాలనుకున్నారు. ఆ రోజుల్లో ఉపాధ్యాయ ధ్రువపత్రం కావాలంటే విషయపరిజ్ఞానంతో పాటు నోరు కూడా పరీక్షకు నిలబడాలి. ఆ ఉచ్చారణ పరీక్షలో ఆమె తప్పారు. నిర్వాహకులు ఆమెను శిక్షించలేదు, పొమ్మనలేదు. నత్తి ఉన్నవారికీ, పక్షవాతంతో మాట పడిపోయినవారికీ ఇచ్చే స్పీచ్ థెరపీని ఆమెకు ఉదారంగా ఇప్పించారు.

అక్కడ చికిత్స చేయవలసిన యువతి రోగులందరినీ పరిశీలించి, వీరిలో ఎవరికీ ఏ వాగ్దోషమూ లేదని తేల్చుకున్నది. దక్షిణాది నుంచి వలస వచ్చిన పేదల పలుకు తప్ప వారి నోళ్లలో మరే రుగ్మతా ఆమెకు కనబడలేదు. చేసేది లేక, ఏ పదాన్ని ఎలా పలికితే పరీక్షకులు సంతోషిస్తారో అది వల్లె వేయించి అందరినీ గట్టెక్కించింది. లేని జబ్బు ఇంత త్వరగా నయమైన సందర్భాలు వైద్యచరిత్రలో అరుదు. ధ్రువపత్రం చేతికి వచ్చాక ఆమె డెట్రాయిట్ హైస్కూళ్లలో ఇంగ్లీషుతో పాటు లాటిన్ కూడా బోధించారు. లాటిన్ ఇంట్లో మాట్లాడేవారు ఎవరూ మిగలలేదు గనుక యాస గురించి ఫిర్యాదు చేసేవారూ లేకపోయారు.

కృతజ్ఞత ఉన్న మనిషైతే అక్కడితో ఆగి, జీవితాంతం సరైన ఉచ్చారణతో హాజరు పిలుస్తూ గడిపేది. స్మిథర్‌మన్ అలా చేయలేదు. తన నోటిలో ఏ జబ్బు వెతికారో దాన్నే పరిశోధనాంశం చేసుకుని 1969లో యాన్ ఆర్బర్ నగరంలోని మిషిగన్ విశ్వవిద్యాలయం నుంచి డాక్టరేటు పుచ్చుకున్నారు. అప్పుడే కొత్తగా పుడుతున్న నల్లజాతి అధ్యయన విభాగాల్లో చేరి, 1970ల ఆరంభంలో హార్వర్డ్‌లో కూడా పాఠాలు చెప్పారు. అంతటితోనైనా ఊరుకున్నారా అంటే, ఇంగ్లీషు ఉపాధ్యాయులు చదువుకునే పత్రికలో శీర్షిక నడుపుతూ, అందులో అమెరికా నల్లవారు ఇళ్లలో మాట్లాడే ఆ నల్లజాతి ఇంగ్లీషులోనే వాదించారు. రోగి తన రోగంతోనే వైద్యుడికి ఉత్తరం రాయడం మర్యాద కాదని ఆమెకు ఎవరూ చెప్పినట్లు లేదు.

ఇంతకీ నల్లవారి చదువు పట్ల ఆ దేశం ఎంత శ్రద్ధ వహిస్తూ వచ్చిందో మరచిపోవడం అన్యాయం. నార్త్ కరొలైనా శాసనసభ 1830లోనే ఈ విషయంపై చట్టం చేసింది. బానిసలకు చదవడం, రాయడం నేర్పితే వారి మనసుల్లో అసంతృప్తి పుట్టి తిరుగుబాటుకు దారితీస్తుందని అందులో దాపరికం లేకుండా చెప్పుకున్నది. నేర్పిన తెల్లవారికి 100 నుంచి 200 డాలర్ల జరిమానా లేదా జైలు. ఒక బానిస మరో బానిసకు అక్షరం చెబితే వీపు మీద 39 కొరడా దెబ్బలు. అయితే శాసనకర్తలు మరీ కఠినాత్ములు కారు, అంకెలకు మినహాయింపు ఇచ్చారు. పత్తి బస్తాలు లెక్కపెట్టేవాడికి అంకెలు రాకపోతే నష్టం ఎవరికో వారికి తెలుసు. అక్షరానికి కొరడా కేటాయించిన దేశమే నూరేళ్లు దాటాక ఈ పిల్లలకు చదవడం ఎందుకు రావడం లేదని కమిటీలు వేసి ఆలోచించింది.

ఆలోచించగా 1960లలో ఒక సిద్ధాంతం దొరికింది. ఈ పిల్లలకు భాష సరిగా రాదనడం పొరపాటనీ, అసలు వారికి భాషే లేదనీ కొందరు విద్యా మనస్తత్వవేత్తలు తేల్చారు. వారు చూపిన సాక్ష్యాల్లో ముఖ్యమైనది పిల్లలు 'దే ఆర్ మైన్' అనకుండా 'దే మైన్' అనడం. మధ్యలో క్రియ ఎగిరిపోయింది గనుక తర్కం కూడా ఎగిరిపోయిందని వారి వాదన. దీన్ని ఒప్పుకోవడానికి నేను సిద్ధమే గానీ చిన్న చిక్కు ఉన్నది. 'ఇది నా పుస్తకం' అనే వాక్యంలోనూ క్రియ లేదు. ఆ లెక్కన 2011 జనగణనలో తెలుగు మాతృభాషగా నమోదైన 8 కోట్ల పైచిలుకు జనాభాకు తర్కం లేదని తేలుతుంది. మన సాయంకాలపు టీవీ చర్చలను బట్టి ఆ నిర్ణయానికి బలం చేకూరవచ్చు, అది వేరే సంగతి. ఈలోగా విలియం లబోవ్ అనే భాషాశాస్త్రవేత్త న్యూయార్క్‌లోని నల్లవారి పేట హార్లెమ్ కుర్రవాళ్ల మాటలు రికార్డు చేసి మరో ఇబ్బంది తెచ్చిపెట్టాడు. ప్రామాణిక ఇంగ్లీషులో ఆ క్రియను ఎక్కడ ('దే ఆర్'ను 'దేర్' అన్నట్లు) కుదించి పలకవచ్చో వారు అక్కడే వదిలేస్తున్నారని, ఎక్కడ కుదించకూడదో అక్కడ వదలడం లేదని 1969లో చూపించాడు. భాష లేనివారు ఇంత కచ్చితంగా వ్యాకరణం పాటించడం సిద్ధాంతకర్తలకు ఎంత మనస్తాపం కలిగించిందో ఊహించుకోవచ్చు.

స్మిథర్‌మన్ చేసిన అసలు అపచారం 1979 నాటిది. యాన్ ఆర్బర్‌లో మార్టిన్ లూథర్ కింగ్ పేరిట ఒక ప్రాథమిక పాఠశాల ఉన్నది. పేరుకు తగ్గట్టు అప్పట్లో అందులో అత్యధికులు తెల్ల పిల్లలే. దగ్గరలోని గ్రీన్ రోడ్డు పేదల గృహసముదాయం నుంచి వచ్చే కొద్దిమంది నల్లపిల్లలు చదువులో వెనుకబడగా, బడి వారిలో కొందరికి అభ్యసన లోపమనీ మరికొందరికి మానసిక సమస్య అనీ ముద్ర వేసింది. తల్లులు 1977లో ఫెడరల్ కోర్టుకు ఎక్కారు. జడ్జి చార్లెస్ జాయినర్ వారి పేదరికం గురించీ సంస్కృతి గురించీ చేసిన వాదనలను ముందే తోసిపుచ్చి భాష ఒక్కదాన్నే విచారణకు మిగిల్చారు. సమాన విద్యావకాశాల కోసం 1974లో వచ్చిన చట్టంలో, భాష అడ్డంకి అయితే దాన్ని తొలగించడానికి తగిన చర్య తీసుకోవాలని ఒక ఉపనిబంధన ఉన్నది. వేరే దేశాల నుంచి వచ్చిన పిల్లల కోసమే రాశారని అందరూ అనుకున్న ఆ వాక్యాన్ని అమెరికాలో తరతరాలుగా ఉన్నవారి పిల్లలకు వర్తింపజేయమని అడగడం ఆ కేసులోని కొత్తదనం. పిల్లల పక్షాన నిపుణుల వాదనను సమకూర్చి, బోనెక్కి సాక్ష్యం చెప్పినవారిలో ముఖ్యురాలు మన స్పీచ్ థెరపీ పూర్వ విద్యార్థిని. తనకు డాక్టరేటు ఇచ్చిన ఊరి బడి మీదనే సాక్ష్యం చెప్పారని ప్రత్యేకంగా గమనించగలరు. లబోవ్ కూడా వచ్చి సాక్ష్యం చెప్పాడు.

ఆ జులైలో వచ్చిన తీర్పు నన్ను ఇప్పటికీ కలవరపెడుతున్నది. పిల్లల భాష దానంతట అదే అడ్డంకి కాదని, ఇంటి భాషను ఉపాధ్యాయులు గుర్తించకపోవడం, దాని పట్ల తమకు తెలియకుండానే చిన్నచూపు చూపడం అడ్డంకి అని జడ్జి గారు రాశారు. 30 రోజుల్లో ప్రణాళిక సమర్పించమని బోర్డును ఆదేశించారు. ఆ ప్రణాళిక ప్రకారం చికిత్సకు, అంటే శిక్షణకు, హాజరు కావలసినవారు ఉపాధ్యాయులు. సరైన ఉచ్చారణ గల మనుషులు, ధ్రువపత్రాలు ఉన్న మనుషులు, సాయంత్రం ఇంటికి పోకుండా కూర్చుని పిల్లల వ్యాకరణం నేర్చుకోవలసి వచ్చింది. నల్లపిల్లలకు ప్రామాణిక ఇంగ్లీషు నేర్పవద్దని స్మిథర్‌మన్ ఏనాడూ అనలేదు. అది చక్కగా నేర్పాలంటే పిల్లవాడు ఏ భాషతో బడికి వచ్చాడో పంతులుకు తెలియాలన్నదే ఆమె వాదన. కానీ ఇంత మామూలు మాటను ఖండించడం కష్టం గనుక, ఆమె తప్పుల ఇంగ్లీషును పాఠ్యాంశం చేయమంటున్నదని ప్రచారం చేయడమే సౌకర్యంగా ఉండేది. 1996 డిసెంబరులో కాలిఫోర్నియాలోని ఓక్లండ్ బడుల బోర్డు నల్లజాతి ఇంగ్లీషును 'ఎబోనిక్స్' అనే పేరుతో పిల్లల ఇంటి భాషగా గుర్తిస్తూ తీర్మానం చేసినప్పుడు దేశం ఆ సౌకర్యాన్ని మరోసారి వాడుకున్నది. మర్నాటి నుంచే జోకులు మొదలయ్యాయి. మరుసటి నెలలో అమెరికా భాషాశాస్త్రవేత్తల సంఘం అది నియమబద్ధమైన భాషేనని తీర్మానించింది గానీ, తీర్మానాలకు నవ్వేవారు ఎవరు?

ఇటువంటి వృత్తిజీవితాల వల్ల అంటువ్యాధి ప్రబలుతుంది. జానిస్ జాక్సన్ అనే పరిశోధకురాలు పసిపిల్లలకు ఒక బొమ్మ చూపించింది. పిల్లల టీవీ కార్యక్రమం 'సెసమీ స్ట్రీట్'లో ఎప్పుడూ బిస్కెట్లు తినే పాత్ర కుకీ మాన్‌స్టర్ జ్వరంతో పడుకుని ఉన్నది, పక్కన అదే కార్యక్రమంలోని ఎల్మో బిస్కెట్లు తింటున్నది. 'హూ బీ ఈటింగ్ కుకీస్?' అని అడిగితే తెల్లపిల్లలు ఎల్మోను చూపించారు. నల్లపిల్లలు, ఇప్పుడు ఎవరు తింటున్నారని కాక మామూలుగా తినే అలవాటు ఎవరిదని అడిగినట్లు గ్రహించి, జ్వరంతో ఉన్న కుకీ మాన్‌స్టర్‌నే చూపించారు. ఒకసారి జరిగే పనికీ అలవాటుగా జరిగే పనికీ క్రియలోనే తేడా చూపే నియమం ఆ భాషకు ఉంటే ఉండవచ్చు. కానీ తెల్లపిల్లలు తప్పే పరీక్ష తయారు చేయడం ఏ విద్యావిధానం?

2010లో అమెరికా మాదకద్రవ్యాల నిరోధక సంస్థ రహస్యంగా రికార్డు చేసిన ఫోన్ సంభాషణలు అర్థం చేసుకోవడానికి 9 మంది ఎబోనిక్స్ అనువాదకులు కావాలని కోరింది. బడిలో భాష కానిది టెలిఫోను తీగలో భాష ఎలా అవుతుందని కొందరు అమాయకులు అడిగారు. బడిలో గుర్తిస్తే పిల్లవాడికి లాభం, తీగలో గుర్తిస్తే పోలీసుకు లాభం. ఇందులో వైరుధ్యం ఏమీ లేదు. ఫ్లోరిడాలో ట్రేవాన్ మార్టిన్ అనే నల్లజాతి కుర్రవాడిని కాల్చి చంపిన కేసు 2013లో విచారణకు వచ్చినప్పుడు, చివరి క్షణాల దాకా అతనితో ఫోనులో మాట్లాడిన 19 ఏళ్ల యువతి గంటల తరబడి సాక్ష్యం చెప్పింది. ఆమె మాట అర్థం చేసుకోవడం కష్టమైందని జ్యూరీ సభ్యురాలు ఒకరు తర్వాత టీవీలో అన్నారు. అక్కడ మాత్రం అనువాదకుడు ఎవరికీ గుర్తుకు రాలేదు, నిందితుడు నిర్దోషిగా ఇంటికి వెళ్లాడు.

2019లో మరో పరిశోధన బయటికి వచ్చింది. ఫిలడెల్ఫియాలో 27 మంది కోర్టు రిపోర్టర్లకు, అంటే కోర్టులో పలికిన ప్రతి మాటనూ రికార్డుకు ఎక్కించేవారికి, నల్లజాతి ఇంగ్లీషు వాక్యాలు వినిపించి, విన్నది విన్నట్టు రాయమన్నారు. వీరు నూటికి 95 పాళ్లు కచ్చితత్వం చూపి ధ్రువపత్రం పొందినవారు. తప్పు లేకుండా రాసిన వాక్యాలు సగటున నూటికి 60 కూడా లేవు. మనిషిని జైలుకు పంపగల రికార్డు రాసేది ఈ చేతులే. న్యాయంగా చూస్తే చెవులకు కూడా ఒక ధ్రువపత్ర పరీక్ష పెట్టి, తప్పినవారిని శ్రవణ చికిత్సకు పంపాలని నేనూ ఒక ప్రతిపాదన సిద్ధం చేసుకున్నాను. తీరా విచారిస్తే, ఆ పరీక్షకు ప్రశ్నపత్రం తయారు చేసి జవాబులు దిద్దగలవారిని ఉచ్చారణ పరీక్ష తప్పినవారిలోనే వెతుక్కోవాలని తెలిసింది. కాబట్టి ప్రతిపాదనను ఉపసంహరించుకుని, ప్రస్తుతానికి స్మిథర్‌మన్ గారి మీద ఫిర్యాదునే ముందుకు పంపుతున్నాను.