గ్రాట్యుటీ అడిగితే సంఘంలో డబ్బుల్లేవంటారు

సహకార సంఘంలో 30 ఏళ్లు పనిచేసి రిటైరైన సెక్రటరీకి ఆఖరి జీతం, బేసిక్, డీఏ కలిపి 24,000 అనుకుందాం. దాన్ని నెలలోని పనిదినాలు 26తో భాగించి, ఏడాదికి 15 రోజుల జీతం చొప్పున 15తోనూ 30 ఏళ్లతోనూ హెచ్చవేస్తే 4,15,385 రూపాయలు. చేసిన సర్వీసుకి ఉద్యోగం వదిలేటప్పుడు ఒకేసారి ఇచ్చే ఈ మొత్తమే గ్రాట్యుటీ. 1972 గ్రాట్యుటీ చట్టం చెప్పిన లెక్క ఇది; 2025 నవంబరులో దాని స్థానంలోకి వచ్చిన సామాజిక భద్రతా కోడ్‌లోనూ ఇంతే. 30 రోజుల్లో చేతికివ్వాలి. ఈ డబ్బు కోసం ఒక మనిషి అరవై దాటాక కోర్టు మెట్లెక్కాల్సి రావడం నాకు అస్సలు మింగుడుపడదు.

మొదటి కోత లెక్కలోనే పడుతుంది. నెలకి 30 రోజులు కదా అని 30తో భాగిస్తారు. అప్పుడు వచ్చేది 3,60,000. అంటే 55 వేల పైచిలుకు గల్లంతు. 26తోనే భాగించాలని సుప్రీంకోర్టు 1984లోనే తేల్చేసింది, తర్వాత చట్టంలోనూ రాశారు.

ఆ తర్వాత నో డ్యూస్, అంటే సంఘానికి బాకీ ఏమీ లేదనే కాగితం గొడవ. అన్నాళ్లూ ఎవరికీ గుర్తురాని ఎరువుల స్టాకు తేడా, సభ్యులు కట్టని బాకీ, పాత ఆడిట్ అభ్యంతరం, అన్నీ చివరి నెలలోనే ఫైలెక్కుతాయి. తప్పు చేసినవాణ్ణి వదిలేయమని నేను అనడం లేదు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో అమల్లో ఉన్న 1964 సహకార చట్టం సెక్షన్ 60 కింద విచారణ జరిపి సర్‌చార్జి వేయండి, అంటే ఆ నష్టాన్ని అతని దగ్గర రాబట్టండి. కానీ నష్టం జరిగిందని గ్రాట్యుటీ ఆపాలంటే, ఆ కారణంతోనే అతన్ని ఉద్యోగంలోంచి తీసేసి ఉండాలి. ఆపేదైనా ఆ నష్టం మేరకే. శాలువా కప్పి, దండేసి సాగనంపిన మనిషికి ఆ నిబంధన ఎలా వర్తిస్తుంది?

నాకు అన్నిటికంటే కోపం తెప్పించేది "డబ్బుల్లేవు" అనే మాట. సంఘాలకి ఇబ్బందులున్న మాట నిజమే. అదే 1964 సహకార చట్టంలోని 116-సి సెక్షన్ ప్రకారం సిబ్బంది జీతభత్యాలు నిర్వహణ మూలధనంలో 2 శాతం, స్థూల లాభంలో 30 శాతం, ఈ రెండిట్లో ఏది తక్కువైతే దాన్ని దాటకూడదు. అయినా గ్రాట్యుటీ రాత్రికి రాత్రి వచ్చిపడే ఖర్చు కాదు. ఉద్యోగి పనిచేసిన ప్రతి ఏడాదీ సంఘం నెత్తిన ఇంత బాకీ చేరుతూనే ఉంటుంది. అది పక్కన పెట్టకుండా లాభం చూపించిన పాలకవర్గం వెళ్లిపోతుంది, కొత్తగా వచ్చినవాళ్లు మాకేం సంబంధం అంటారు. పంజాబ్ సహకార వ్యవసాయాభివృద్ధి బ్యాంకు తన పెన్షన్ పథకాన్ని వెనక్కి తీసుకున్న కేసులో 2022 జనవరిలో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: ఉద్యోగులకు సంక్రమించిన హక్కును లాగేసుకోవడానికి నిధుల్లేవన్నది సాకుగా పనికిరాదు. గ్రాట్యుటీ కేటాయింపు లేని బ్యాలెన్స్ షీటుకి ఆడిటర్లు ఎలా సంతకం పెడుతున్నారు?

సరే, ఎక్కడికెళ్లాలి? చాలామంది నేరుగా హైకోర్టులో రిట్ వేస్తారు. సహకార సంఘం ప్రభుత్వ సంస్థ కాదు, రిట్ చెల్లదు అని అవతలి లాయరు లేస్తాడు, ఆ ఒక్క వాదనకే ఏళ్లు గడుస్తాయి. సహకార చట్టం సెక్షన్ 61 కింద సహకార సంఘాల రిజిస్ట్రార్ దగ్గరికెళ్లమని ఇంకొకరు చెబుతారు. సర్వీసు వివాదాలు ఆ సెక్షన్ కిందికి రావని ఆంధ్రప్రదేశ్ కేంద్ర సహకార బ్యాంకుల కేసులో సుప్రీంకోర్టు 1969లోనే చెప్పింది. గ్రాట్యుటీకైతే ముందు కార్మిక శాఖలో గ్రాట్యుటీ తగాదాలు తేల్చే అధికారి దగ్గరికి వెళ్లండి. ఆలస్యానికి 10 శాతం సాధారణ వడ్డీ అడగండి. అక్కడ ఓడి అప్పీలుకి వెళ్లాలంటే సంఘం ఆ మొత్తాన్ని ముందుగా డిపాజిట్ చేయాలి. అందుకే ఈ దారి మేలంటాను.

ఒక పెద్ద చిక్కుంది. పది మంది సిబ్బంది లేని సంఘానికి గ్రాట్యుటీ చట్టం వర్తించదు. మన ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాల్లో నలుగురైదుగురే ఉన్నవి ఎన్నో. పీఎఫ్ చూద్దామా అంటే, 50 మంది లోపు ఉండి కరెంటు యంత్రాలు లేకుండా నడిచే సహకార సంఘాలకి 1952 పీఎఫ్ చట్టం మినహాయింపు ఇచ్చింది. ఇక మిగిలేది బైలాలే, అంటే సంఘం సొంతంగా రాసుకున్న నియమాలే. వాటికి చట్టంతో సమానమైన బలం లేదని ఆ 1969 తీర్పే అంది. రైతుకి అప్పిచ్చి, ఎరువు అమ్మి, ధాన్యం కొనిపించిన ఈ మనుషులకి జిల్లా బ్యాంకు స్థాయిలో ఉమ్మడి గ్రాట్యుటీ నిధి పెట్టడానికి రెండు తెలుగు రాష్ట్రాల ప్రభుత్వాలకీ ఏమడ్డు?

మీ సంఘంలో ఎప్పుడైనా పది మంది పనిచేశారేమో పాత రికార్డు తీసి చూడండి. సేల్స్‌మన్, వాచ్‌మన్, రోజుకూలీ మీద పెట్టుకున్నవాళ్లని కూడా లెక్కలోకి తీసుకోండి. ఒకసారి చట్టం వర్తించాక, సిబ్బంది తగ్గినా అది పోదు. సంఘం నేరుగా సమాచార హక్కు కిందికి రాదన్నా, రిజిస్ట్రార్ కార్యాలయం వస్తుంది. ఆడిట్ నివేదికలు, సిబ్బంది వివరాల కోసం అక్కడ దరఖాస్తు పెట్టండి. రిటైర్మెంట్‌కి ఏడాది ముందే పెట్టండి.