నిద్ర రానివ్వని వెలుగుకు సంగీతం

ఒక పోలీసు అధికారికి నిద్ర పట్టదు. హోటల్ గదిలో కిటికీ తెర ఎంత బిగించి లాగినా ఏదో ఒక సందులోంచి వెలుగు లోపలికి వస్తూనే ఉంటుంది. గడియారంలో అర్ధరాత్రి దాటింది, బయట మాత్రం పట్టపగలు. తప్పు చేసి దాన్ని దాచుకున్న మనిషికి చీకటి చాటు కూడా దక్కని ఊరది. 1997లో వచ్చిన నార్వే సినిమా 'ఇన్సోమ్నియా' కథ ఇదే.

ఇలాంటి సన్నివేశాన్ని మన రీరికార్డింగ్ గదిలో పెడితే ఏం జరుగుతుందో ఊహించడం కష్టం కాదు. గుండె దడకు ఒక డప్పు, అపరాధ భావానికి వయొలిన్లు, అతను ఉలిక్కిపడి లేచినప్పుడు ఒక పెద్ద మోత. ఈ సినిమాకు సంగీతం ఇచ్చిన గెయిర్ యెన్సెన్ అవేవీ చేయలేదు. సన్నగా సాగి, ఎటూ కదలకుండా నిలిచిపోయే స్వరాలు కొన్ని, దూరంలో ఎక్కడో యంత్రం నడుస్తున్నట్టు మెల్లగా కొట్టుకునే నాడి. అంతే. ఆ స్వరాలు పాత్ర మనసును వర్ణించవు. కిటికీ సందులోని వెలుగులాగే గదిలోకి దూరి, ఎంతకీ పోవు. అది సంగీతమా, గది చప్పుడా అని చూసేవాడు తేల్చుకోలేడు.

యెన్సెన్ పని గురించి రాసేవాళ్లు ఆయన్ను 'ఆంబియంట్ సంగీతకారుడు' అని, అంటే పాట కంటే వాతావరణాన్ని వినిపించేవాడని, ఒక గూట్లో పెట్టి ఊరుకుంటారు. నాకు ఆ పేరు ఆనదు. సినిమాకు సంబంధించినంత వరకు ఆయన చేసింది ఒకటే: సంగీత దర్శకుడికీ సౌండ్ డిజైనర్‌కూ మధ్య ఉన్న గోడను లేనట్టే చూశారు. నిజానికి ఆ గోడ చెవికి సంబంధించింది కాదు, నిర్మాణ సంస్థ లెక్కల పుస్తకానికి సంబంధించింది. సంగీతానికి ఒక పద్దు, శబ్దానికి ఇంకో పద్దు. తెర మీద వాన పడితే ఒకరి పని, వాన కింద విషాదం పడితే ఇంకొకరి పని. చూసేవాడి చెవికి ఈ పంపకం తెలియదు.

ఆ చెవి యెన్సెన్‌కు ఎలా వచ్చిందో తెలియాలంటే ఊరు చూడాలి. ఆయన 1962లో ఉత్తర నార్వేలోని ట్రోమ్‌సోలో పుట్టారు. ఆర్కిటిక్ వలయానికి ఎంతో ఎగువన, దాదాపు 70 డిగ్రీల అక్షాంశంలో ఉన్న పట్టణం. మే మూడో వారం నుంచి జులై మూడో వారం దాకా అక్కడ సూర్యుడు అస్తమించడు. నవంబరు చివరి నుంచి జనవరి మధ్య దాటేదాకా ఉదయించడు. మంచు పరుచుకున్న చోట చప్పుడు నడిచే తీరు వేరు. దగ్గరి అడుగుల చప్పుడు మంచులో ఇంకిపోతుంది, దూరపు ఓడ కూత పక్కింటి నుంచి వచ్చినట్టు వినిపిస్తుంది. 'ఇన్సోమ్నియా' దర్శకుడు ఎరిక్ షొల్‌బ్యార్గ్ కూడా ఆ ఊళ్లోనే పుట్టారు. వెలుగు మనిషిని వేధించగలదని వీళ్లిద్దరికీ ఎవరూ చెప్పనక్కర్లేదు.

యెన్సెన్ సంగీతంలోకి వచ్చింది మాత్రం పాటల దారిలోనే. 1980ల మధ్యలో అన్నేలి ద్రెకర్, నిల్స్ యోహాన్‌సెన్‌లతో కలిసి 'బెల్ కాంటో' అనే ముగ్గురి బృందం కట్టారు. బెల్జియం సంస్థ ఒకటి వాళ్ల ఆల్బమ్‌లు వేసింది. రెండు ఆల్బమ్‌ల తర్వాత ఆయన బయటికొచ్చేశారు. కొన్నాళ్లు 'బ్లీప్' అనే పేరుతో నృత్య సంగీతం చేసి, ఆ తర్వాత 'బయోస్ఫియర్' అనే పేరు పెట్టుకున్నారు. అమెరికాలోని ఆరిజోనా ఎడారిలో గాజు కప్పు కింద భూమికి నమూనా కట్టి, అందులో మనుషుల్ని ఉంచిన బయోస్ఫియర్-2 ప్రయోగం నుంచి తీసుకున్న పేరది. 1991లో 'మైక్రోగ్రావిటీ', 1994లో 'పటాష్నిక్' ఆల్బమ్‌లు వచ్చాయి. రెండింటిలోనూ లయ ఉంది, వేగం ఉంది. సినిమాల్లోంచి, రేడియోలోంచి ఏరుకొచ్చిన గొంతులూ ఉన్నాయి.

1995లో ఒక మలుపు. 'పటాష్నిక్'లోని 'నావెల్టీ వేవ్స్' అనే ట్రాకును లీవైస్ జీన్స్ ప్రకటనకు తీసుకున్నారు. ఆ ప్రకటన దర్శకుడు మిషెల్ గోండ్రీ. యూరప్ టీవీల్లో అది మోగిపోయింది. ఏ సంగీతకారుడైనా ఆ ఊపులో అదే లయతో ఇంకో నాలుగు చేసి సొమ్ము చేసుకుంటాడు. మన పరిశ్రమలో అయితే ఆ ట్యూన్ నాలుగు సినిమాల్లో నాలుగు వేషాల్లో కనిపించేది. యెన్సెన్ దాదాపు డ్రమ్ములే తీసేసిన 'సబ్‌స్ట్రేటా'తో 1997లో వచ్చారు.

ఆ మధ్యలో జరిగిన ఒక పనిని ఎవరూ పెద్దగా పట్టించుకోరు. నా లెక్కలో ఆయన సినిమా బడి అదే. ట్రోమ్‌సోలో ఏటా జనవరిలో, ఊరు ఇంకా చీకట్లోనే ఉన్నప్పుడు, అంతర్జాతీయ చలనచిత్రోత్సవం జరుగుతుంది. 1996 ఉత్సవానికి సోవియట్ దర్శకుడు జీగా వెర్తోవ్ 1929లో తీసిన మూకీ 'మ్యాన్ విత్ ఎ మూవీ కెమెరా'కు కొత్త సంగీతం చేయమని యెన్సెన్‌ను అడిగారు. ఆయన సగం తీసుకుని, మిగతా సగం అదే ఊరి పెర్ మార్టిన్సెన్‌కు అప్పగించారు. వెర్తోవ్ అప్పట్లో వాద్యకారుడి కోసం రాసిపెట్టిన సూచనలు దొరుకుతాయి. వాటిని దగ్గర పెట్టుకునే పని చేశారు.

ఇక్కడ కాస్త ఆగాలి. వెర్తోవ్ సినిమాకు రాకముందు శబ్దం మనిషి. కుర్రవాడిగా ఉన్నప్పుడే 'వినికిడి ప్రయోగశాల' అని పేరు పెట్టుకుని, చుట్టూ వినిపించే చప్పుళ్లను పట్టి పేర్చాలని చూశాడు. అప్పటి పరికరాలు సహకరించక కెమెరా వైపు తిరిగాడు. శబ్ద చిత్రాలు వచ్చాక ఉక్రెయిన్‌లోని దొన్‌బాస్ గనుల్లోకీ కర్మాగారాల్లోకీ వెళ్లి యంత్రాల రొదనే సంగీతంగా కూర్చాడు. అంటే యెన్సెన్ చేతికి వచ్చింది చెవితో ఆలోచించి కళ్లతో తీసిన సినిమా. అందులో కథ లేదు, పాత్రలు లేవు, మధ్యమధ్యలో కథ చెప్పే అక్షరాల కార్డులు లేవు. ట్రాములు, కుట్టు మిషన్లు, షట్టర్లు, నిద్రలేస్తున్న నగరం. హీరోకు ఒక థీమ్, విలన్‌కు ఒక థీమ్ అనే సదుపాయం అక్కడ లేదు. బొమ్మ ఏం చెబుతోందో దానికి వత్తాసు పలకకుండా, బొమ్మ పక్కన ఇంకో చోటు కట్టడం ఆయన అక్కడ నేర్చుకున్నారనుకుంటాను. ఆ సంగీతం 2001లో 'సబ్‌స్ట్రేటా' కొత్త ముద్రణతో కలిపి విడుదలైంది.

ఆ 'సబ్‌స్ట్రేటా'లో 'కోబ్రేసియా' అనే ట్రాకు వినండి. ఒక రష్యన్ గొంతు దేన్నో తడుముకుంటూ మాట్లాడుతుంది. కనబడని వస్తువును మనసుతో కనుక్కునే టెలిపతీ ప్రయోగం తాలూకు రికార్డింగు అది. నాకు రష్యన్ రాదు. అయినా మొదటిసారి విన్నప్పుడు, చీకటి గదిలో అల్మరా మీద చెయ్యి పెట్టి వెతుకుతున్న మనిషి కనిపించాడు. గొంతు కింద స్వరం గొంతును ఎక్కడా మోయదు. పక్కన నిలబడుతుంది, అంతే. అదే 1997లో 'ఇన్సోమ్నియా'లో చేసిందీ ఇదే.

అయిదేళ్లకు, 2002లో, క్రిస్టఫర్ నోలన్ ఆ సినిమాను హాలీవుడ్‌లో మళ్లీ తీశారు. అలాస్కా నేపథ్యం, అల్ పచీనో, రాబిన్ విలియమ్స్. తెలుగు ప్రేక్షకుల్లో చాలామందికి తెలిసిన 'ఇన్సోమ్నియా' అదే. దానికి డేవిడ్ జూలియన్ ఇచ్చిన సంగీతం చెడ్డదేమీ కాదు. ఆ సంగీతం అధికారి మీద జాలిపడుతుంది, ఇతను అలసిపోయిన మంచివాడు సుమా అంటుంది. నోలన్ కథకు అది సరిపోయింది కూడా, ఎందుకంటే ఆ సినిమా అధికారికి ఒక విముక్తి చూపించాలనుకుంది. షొల్‌బ్యార్గ్ సినిమాలో స్టెలాన్ స్కార్స్‌గార్డ్ పోషించిన అధికారికి ఆ దయ దొరకదు. యెన్సెన్ స్వరాలు అతన్ని క్షమించవు, నిందించవు. రెండూ పక్కపక్కన చూస్తే, సన్నివేశంలో ఎవరి పక్షం వహించాలో నేపథ్య సంగీతం మనకు ఎంత గట్టిగా ఆదేశిస్తుందో తెలుస్తుంది. రెండోది చూసినప్పుడు నాకు కన్నీళ్లు వచ్చాయి. మొదటిది చూసిన రాత్రి నిద్ర రాలేదు.

ఇంత చెవి ఉన్న మనిషి సినిమాలు ఎక్కువ చేయలేదు. ఇది నాకు మింగుడుపడని విషయం. కారణం ఆయన్ను అడగాలి. నా ఊహ మాత్రం ఇది: సినిమా సంగీతం గడువుల పని, పదిమంది అభిప్రాయాల పని. యెన్సెన్‌ది ఒంటరి పని. దాని వల్ల లాభంతో పాటు నష్టమూ ఉంది. తోడుగా బొమ్మ లేకపోయేసరికి కొన్ని ఆల్బమ్‌లు పలచబడ్డాయి. ఫ్రెంచ్ స్వరకర్త దెబుస్సీ వాద్యబృంద రచనల్లోంచి చిన్న ముక్కలు తీసి తిప్పితిప్పి వినిపించిన 'షెన్‌జౌ' నాకు సగం నుంచి విసుగే. ముక్క అందంగా ఉంటుంది, కానీ దాని చుట్టూ తిరగడానికి ఒక సన్నివేశమంటూ ఉండాలి కదా.

ఆ మాటకొస్తే, ఆయన సినిమాను పూర్తిగా వదిలేశారనీ అనలేం. తెర లేకుండా సినిమా తీస్తూనే ఉన్నారు. 1995లో బ్రిటిష్ సంగీతకారుడు బాబీ బర్డ్‌తో కలిసి ట్రోమ్‌సో కొండ మీది రోప్‌వే స్టేషన్‌లో కచేరీ చేశారు. వాద్యాలకు ముడిసరుకు ఆ ఊరి చప్పుళ్లే. ఫ్రాన్స్ రేడియో కోసం, జూల్ వెర్న్ చంద్రయాన నవలకు చేసిన పాత రేడియో నాటకాన్నీ, మీర్ అంతరిక్ష కేంద్రం శబ్దాలనూ కలిపి 'ఒతూర్ ద లా లూన్' చేశారు. దానిలో కొన్ని మంద్ర స్వరాలు మామూలు స్పీకర్లలో అసలు వినబడవు, ఛాతీకి తగలాలంటే థియేటర్ కావాలి. 2011 మొదట్లో జపాన్ అణు విద్యుత్ కేంద్రాల మీద 'ఎన్-ప్లాంట్స్' పూర్తిచేశారు. సముద్రం అంచున భూకంపాల నేల మీద కట్టిన ఆ భవనాలను చూసి పుట్టిన ఆలోచన. కొన్ని వారాలకే, మార్చి 11న ఫుకుషిమా అణు ప్రమాదం.

అన్నిటికంటే నాకు ఇష్టమైనది 2001లో ఆయన చో ఓయూ ఎక్కినప్పటి రికార్డింగులు. నేపాల్, టిబెట్ సరిహద్దులోని 8,201 మీటర్ల శిఖరం. ఆక్సిజన్ సిలిండర్ లేకుండా ఎక్కారు, రికార్డరు మాత్రం వెంట తీసుకెళ్లారు. గాలి, పశువులు, షార్ట్‌వేవ్ రేడియోలో దారి తప్పివచ్చిన గొంతులు. అక్కడ ఊపిరి తీసుకోవడమే పెద్ద పని, అలాంటి చోట ఒక మనిషి ఆగి వింటున్నాడు.

2019లో వచ్చిన 'ది సెన్యా రికార్డింగ్స్' ఉత్తర నార్వేలోని సెన్యా ద్వీపంలో పట్టిన శబ్దాలతో కట్టింది. మొన్న మే నెలలో ఒక ఉక్కపోత రాత్రి హెడ్‌ఫోన్లు పెట్టుకుని విన్నాను. ఒక చోట సన్నగా, తెరలు తెరలుగా ఏదో గుంయ్‌మంటోంది. ద్వీపం మీది గాలా, సింథసైజరా? చాలాసేపు మురిసిపోయాను. అనుమానం వచ్చి లేచి సీలింగ్ ఫ్యాను ఆపాను. అది ఫ్యానే.