1.048596 స్థిరాంకం కాదు మహాప్రభో

ఇప్పుడే ఒక రీల్ చూశాను, ఒళ్లు మండిపోతోంది. వెనక దడ పుట్టించే సంగీతం, తెర నిండా నక్షత్రాలు, మధ్యలో ఎర్రగా 1.048596. శాస్త్రవేత్తలు దాచిపెట్టిన కాల స్థిరాంకం ఇదేనట, మన కాలరేఖ ఎప్పుడు పక్కకు జరిగిందో ఇది పట్టిచ్చేస్తుందట, గొంతు బరువుగా పెట్టుకుని ఒకాయన చెబుతున్నాడు. పంపిన మహానుభావుడేమో "నువ్వు చెప్పే అనిమే నిజమే అన్నమాట" అని కింద ఒక ముక్క కూడా తగిలించాడు.

ఒరేయ్, అది స్టెయిన్స్ గేట్ అనే జపాన్ కాలప్రయాణ కథలోది రా. 2009లో గేమ్‌గా, 2011లో అనిమేగా (జపాన్ యానిమేషన్ సీరీస్‌గా) వచ్చింది. కథ రాసినవాళ్లు కూర్చుని కల్పించిన అంకె. దాన్ని దాచిందెవరు, దొరికించుకుందెవరు?

పైగా స్థిరాంకమట! కాంతి వేగం స్థిరాంకం. సెకనుకు 29,97,92,458 మీటర్లు, 1983 నుంచి మీటరు అనే కొలతనే దాని మీద నిలబెట్టారు. ప్లాంక్ స్థిరాంకం ఉంది, 2019 నుంచి కిలోగ్రాముకు అదే ఆధారం. ఇవి ఎవడి కథ కోసమూ మారవు. ఈ 1.048596 లాంటి అంకెల్ని కథలో డైవర్జెన్స్ నంబర్ అంటారు, దాని పనే మారడం. కథానాయకుడు ఒకాబే గతంలోకి ఒక డి-మెయిల్ (కాలంలో వెనక్కి వెళ్లే మెసేజ్) పంపగానే మారుతుంది, దాన్ని వెనక్కి తీసుకుంటే మళ్లీ మారుతుంది. తానున్న ప్రపంచరేఖ, అంటే చరిత్ర నడిచే ఒక దారి, మూలరేఖ నుంచి ఎంత దూరం జరిగిందో శాతంలో చూపించే రీడింగ్ అది, అంతే. థర్మామీటర్ 102 చూపిస్తే 102ని విశ్వ స్థిరాంకం అని ప్రకటించేస్తారా?

ప్రపంచరేఖ అన్నాను కదా, దాని గోల ఇంకోటి. గణితవేత్త మింకోవ్‌స్కీ 1908లో ఆ మాట వాడింది ఒక కణం స్థలకాలంలో నడిచే దారి గురించి. వేరే విశ్వం గురించి కాదు. భౌతికశాస్త్రవేత్త ఎవరెట్ 1957 నాటి సిద్ధాంతంలో కొమ్మలు కొమ్మలుగా చీలే ప్రపంచాలున్నాయి నిజమే, కానీ ఈ కొమ్మకీ ఆ కొమ్మకీ మధ్య దూరం ఇన్ని శాతం అని ఆయన ఎక్కడా మీటర్ పెట్టలేదు. పాపం ఆ పెద్దమనుషుల పేర్లు ఈ రీళ్లలో పడి నలిగిపోతున్నాయి.

అసలు ఈ శాతాల పిచ్చికి పాత గురువు ఒకడున్నాడు, జాన్ టైటర్ అనే పేరుతో 2000 చివర్లో ఇంటర్నెట్‌లో దిగినవాడు. 2036 నుంచి వచ్చానన్నాడు, ఐబీఎం 5100 కంప్యూటర్ కోసం వచ్చానన్నాడు, అమెరికాలో అంతర్యుద్ధం అన్నాడు, 2015లో అణుయుద్ధం అన్నాడు. ఏవీ జరగలేదు. జరగకపోతే ఏం, నా ప్రపంచరేఖకూ మీదానికీ ఒకటో రెండో శాతం తేడా ఉందని ముందే చెప్పి పెట్టుకున్నాడుగా! జోస్యం ఫలిస్తే నా గొప్ప, తప్పితే మీ కాలరేఖ ఖర్మ. ఇంతకంటే సుఖమైన ఉద్యోగం ఉంటుందా? స్టెయిన్స్ గేట్ వాళ్లు ఆ కథనే తీసుకుని, ఆ తప్పించుకునే శాతాన్ని తప్పించుకోలేని శాతంగా మార్చారు. అక్కడ ఉంది తెలివి. ఈ రీల్ బాబు దాన్ని మళ్లీ టైటర్ దగ్గరికే లాక్కుపోయాడు.

తప్పించుకోలేని శాతం అని ఎందుకంటున్నానంటే (కథ చెప్పేస్తున్నానని ఏడవకండి, ఇన్నేళ్లయింది) అంకె ఒకటికి లోపల ఉన్నంతసేపు ఒకాబే ఏం చేసినా అతని చిన్ననాటి స్నేహితురాలు మయూరి చనిపోతుంది. దారి మారుతుంది, చావు మారదు. ఒకటి దాటాలంటే పంపిన డి-మెయిళ్లన్నీ ఒక్కొక్కటిగా రద్దు చేసుకుంటూ రావాలి. ఆ మెయిల్ ఒక్కొక్కటీ ఒకరి కోరిక. ఫేరిస్ అనే స్నేహితురాలు అలాంటి ఒక మెయిల్‌తో చచ్చిపోయిన నాన్నను బతికించుకుంది, ఇప్పుడు తన చేతులతోనే ఆయన్ని మళ్లీ పోగొట్టుకోవాలి. చివరికి మయూరి బతకాలంటే ఒకాబే ప్రేమించిన కురిసు పోవాలి. ఈ రీడింగ్ చూపించే మీటర్‌లోని పాత నిక్సీ ట్యూబుల్లో (అంకెలు వెలిగే గాజు గొట్టాల్లో) అంకెలు గిరగిరా తిరిగి ఆగినప్పుడల్లా ఒకరి జీవితం చెరిగిపోయినట్టు లెక్క. అందుకే 1.048596 అని కనబడినప్పుడు గుండె ఆగినంత పనవుతుంది, అది మయూరి చచ్చే రేఖలకూ, కురిసు చచ్చే రేఖలకూ, దేనికీ చిక్కని సందు కాబట్టి. దీన్ని తీసుకెళ్లి నక్షత్రాల బొమ్మ మీద అంటించి "మీ చిన్నప్పటి జ్ఞాపకాలు తేడాగా ఉన్నాయా" అని అడుగుతున్నాడు వాడు! నీ జ్ఞాపకాలు తేడాగా ఉంటే నీకు మతిమరుపు నాయనా.

కానీ నిజం చెప్పాలంటే నా కోపం రీల్ వాడి మీద కూడా పూర్తిగా కాదు. ఇది పంపిన మనిషే, చాలా కాలం కింద నేను బతిమాలి బతిమాలి ఈ అనిమే చూడమంటే, "మొదట్లో అంతా బోర్ అట కదా, పన్నెండో ఎపిసోడ్ నుంచి మొదలుపెట్టా" అన్నాడు. పన్నెండో ఎపిసోడ్ నుంచి! ఉన్నవే 24. మొదటి సగంలో ఏం జరగట్లేదు అనేవాళ్లందరికీ చెబుతున్నా, ఆ మెయిళ్లన్నీ పంపేది అక్కడే. ఎవరు ఏ కోరికతో పంపారో, అది తీరినప్పుడు వాళ్ల ముఖం ఎలా వెలిగిందో చూడనివాడికి తర్వాత అవి రద్దవుతుంటే ఏం అర్థమవుతుంది? అప్పు చేసింది చూడకుండా వడ్డీ కడుతున్న సీన్ చూసి "ఇందులో ఏడవడానికి ఏముంది" అన్నాడు ఆ రోజు నాతో. "యావరేజ్" అని కూడా అన్నాడు. ఆ మాట ఇంకా మర్చిపోలేదు నేను. ఎవరో చెప్పారని సగం కథ ఎగరేసిన మనిషికి ఇప్పుడు ఎవరో చెప్పారని ఆ అంకె మాత్రం విశ్వరహస్యం అయిపోయింది.

వాడికి ఇంకా జవాబు ఇవ్వలేదు. ఒకటో ఎపిసోడ్ లింక్ పంపుతున్నా. పూర్తిగా చూసేదాకా నాతో కాలం గురించి మాట్లాడొద్దు.