తెరమీదికి వచ్చిన దర్శకురాలు

డాక్యుమెంటరీ తీసేవారు తెర వెనకే ఉండాలని, వాళ్లు కనిపించినా వినిపించినా విషయం పలచబడుతుందని మనలో చాలామంది నమ్మకం. ఫ్రెంచి దర్శకురాలు ఆన్యెస్ వార్దా (1928–2019) ఈ నియమాన్ని ఏనాడూ ఖాతరు చేయలేదు. ఆమె చిత్రాల్లో ఆమె గొంతు వినిపిస్తుంది, చేతులు కనిపిస్తాయి, రంగు వెలిసిన జుట్టు పాయలు కూడా కనిపిస్తాయి. దీన్ని సొంత డబ్బా అని కొట్టిపారేసేవారు ఉన్నారు. ఎదుటివారి బతుకు గురించి అడుగుతున్నప్పుడు ఆ అడిగేదెవరో దాచకపోవడం ఆమె పాటించిన మర్యాద అని నేననుకుంటాను.

బ్రస్సెల్స్‌లో పుట్టి, యుద్ధకాలంలో సెత్ అనే రేవుపట్నం చేరి, ఆపైన పారిస్‌లో జాఁ విలార్ నాటకసంస్థకు ఫొటోగ్రాఫర్‌గా పనిచేసిన వార్దా, సినిమా చదువేదీ లేకుండానే 1954లో సెత్‌లోని జాలరిపేటలో తొలిచిత్రం తీశారు. అది కథాచిత్రమే అయినా అందులో ఆ పేట జాలర్లు తమ పాత్రల్లో తామే కనిపిస్తారు. భర్త జాక్ దెమీతో కాలిఫోర్నియాలో ఉన్న రోజుల్లో, 1968లో ఓక్లాండ్ వెళ్లి, నల్లజాతివారి హక్కుల కోసం పోరాడిన బ్లాక్ పాంథర్స్ సంస్థ సభలను చిత్రించారు.

1970ల నడుమ చంటిబిడ్డతో ఇల్లు కదలలేని స్థితి వచ్చినప్పుడు, ఆమె తన ఇంటి కరెంటుకే తీగ తగిలించి, ఆ తీగ అందినంత మేర తన వీధిలోని దుకాణదారులను చిత్రించారు. రొట్టెల కొట్టు, మాంసం కొట్టు, దర్జీ దుకాణం, సెంట్లు అమ్మే ముసలి దంపతులు: 'డాగెరోటైప్స్' అనే ఆ డాక్యుమెంటరీ అంతా ఇంతే. ఆ దంపతుల్లో భార్యకు మతి నిలకడ తప్పింది. పొద్దుగూకేసరికి ఎక్కడికో వెళ్లాలన్నట్టు తలుపు దాకా వచ్చి ఆగిపోతుంది. కెమెరా ఆమెను తొందరపెట్టదు. ఇరుగుపొరుగు మనిషి కాబట్టే వార్దాకు ఆ ఓపిక సాధ్యమైంది.

కోతలయ్యాక చేలో పరిగ ఏరుకునేవారిని ఎరిగిన తెలుగువారికి 2000లో వచ్చిన ఆమె చిత్రం 'ద గ్లీనర్స్ అండ్ ఐ' (పరిగ ఏరుకునేవారూ, నేనూ) పరాయిగా తోచదు. దుకాణాల కొలతలకు సరిపోలేదని పొలంలో కుమ్మరించిన బంగాళాదుంపల మధ్యకు జనం సంచులతో వస్తారు. నల్లగౌను తొడుక్కున్న లాయరొకరు పొలంలోనే నిలబడి, పరిగ ఏరుకునే హక్కును 1554 నాటి రాజశాసనం దాకా వెనక్కి తీసుకువెళ్లి వివరిస్తాడు. ఒక చేత్తో చిన్న డిజిటల్ కెమెరా పట్టుకుని, రెండో చేత్తో హృదయాకారపు దుంపలు ఏరుకున్న వార్దా, ఇంకోచోట అదే కెమెరాను ముడతలు పడిన తన చేతిమీదికి తిప్పుతారు. పారేసినవి ఏరుకునేవారిని జాలిపడవలసిన మనుషులుగా కాక, తనలాంటి పనివారుగా నిలబెట్టడానికి ఆ షాట్ అవసరమైంది.

ఆ చిత్రంలో నన్ను పట్టి నిలిపిన మనిషి మరొకరు. పారిస్ అంగడి ముగిశాక నేలమీద మిగిలిన ఆకుకూరలు, పండ్లు అక్కడే నిలబడి తినే ఆయన, రాత్రిపూట మాలీ, సెనెగల్ దేశాలనుంచి వచ్చినవారికి జీతంలేకుండా ఫ్రెంచి నేర్పుతాడు. రెండేళ్ల తర్వాత కొనసాగింపు చిత్రం కోసం వార్దా మళ్లీ ఆయన దగ్గరికి వెళితే, సినిమా బాగుంది గానీ మీ గురించి మీరు చెప్పుకున్న భాగాలు అనవసరమని ముఖం మీదే చెప్పాడు. ఆ మాటను ఆమె కత్తిరించకుండా సినిమాలోనే ఉంచారు. సొంత డబ్బాయే ధ్యేయమైతే అది ఎడిటింగ్ గది దాటేది కాదు.

అన్నీ ఒకే స్థాయిలో లేవు. ఫొటో కళాకారుడు జేఆర్‌తో కలిసి తీసిన 'ఫేసెస్ ప్లేసెస్' (2017) ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది కానీ, గోడలమీద అతికించిన భారీ ఫొటోల అందం ముందు వాటిలోని మనుషుల మాటలకు చోటు తగ్గిందని నాకనిపిస్తుంది. మనుషులను వినడంలో పాత చిత్రాలకున్న నిదానం అందులో లేదు.

ఇదంతా మన సంఘ పత్రికలో ఎందుకంటే, తొలితరం వలసవచ్చిన పెద్దల జ్ఞాపకాలను ఇప్పుడు చాలా తెలుగు సంఘాలు వీడియోలుగా భద్రపరుస్తున్నాయి. మెచ్చుకోదగిన పనే. అయితే వాటిలో చాలావరకు అడిగినవారి గొంతు తీసేసి, పెద్దాయన గాలితో మాట్లాడుతున్నట్టుగా మిగులుస్తున్నారు. మనవరాలు అడిగితే వచ్చే జవాబు వేరు, సంఘం కార్యదర్శి అడిగితే వచ్చే జవాబు వేరు. ఇకమీదట ఎడిటింగ్‌లో ప్రశ్నలను ఉంచమని, వీలైతే అడిగినవారిని కూడా ఫ్రేములోకి రమ్మనమని మన వీడియో బృందాన్ని కోరుతున్నాను.