సవరణ: ఎన్95 మాస్కు కింద దూది, వాజిలిన్ వద్దు

కోవిడ్ వార్డు డ్యూటీల్లో ముక్కు మీద పడే పుండ్ల గురించి ఇంతకుముందు పెట్టిన పోస్టులో, మాస్కు కింద దూది గానీ వాజిలిన్ గానీ వాడొచ్చని ఉంది. ఆ వాక్యం తీసేశాం. దయచేసి ఎవరూ పాటించకండి.

దూది ఎంత పలచగా ఉన్నా మాస్కు అంచుకూ చర్మానికీ మధ్య సందు పడుతుంది. అప్పుడు గాలి వడపోత గుండా కాక ఆ సందులోంచే వస్తుంది. వాజిలిన్ జిడ్డుకు మాస్కు జారుతుంది. మాయిశ్చరైజర్ రాసుకోవాలంటే డ్యూటీకి గంట ముందే రాసి ఇంకనివ్వాలి. మాస్కు పెట్టాక ముక్కు పట్టీని రెండు చేతుల వేళ్లతో నొక్కి, గట్టిగా ఊపిరి వదలండి. కళ్ల వైపు గాలి తగిలితే మళ్లీ సర్దాలి.

విశాఖ ఉక్కపోతలో పీపీఈ సూట్ లోపల చెమట ఆరదు, ఒళ్లు చల్లబడదు. తడిసిన మాస్కు మార్చాల్సిందే. బాత్రూమ్‌కి వెళ్లే వీలుండదని నీళ్లు మానేసి డ్యూటీకెక్కే సిస్టర్లు ఎందరో. కళ్లు తిరగడం, మూత్రంలో మంట అక్కడే మొదలవుతాయి. ఇది వాళ్ల అజాగ్రత్త కాదు, రోస్టర్‌లో రిలీవర్‌ని, అంటే కాసేపు వాళ్ల బదులు నిలబడే మనిషిని, వేయకపోవడం.

నిద్ర పట్టకపోయినా, డ్యూటీ అంటేనే గుండెదడ వస్తున్నా ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీమానస్ 14416కి ఫోన్ చేయండి. తెలుగులో మాట్లాడతారు, డబ్బులు కట్టక్కర్లేదు.