స్మొక్తునోవ్‌స్కీ: దాక్కోవడం తెలిసిన హామ్లెట్

ఆలస్యంగా పేరొచ్చిన నటుడి గురించి రాయాల్సి వస్తే ‘ప్రతిభను ఎవరూ ఆపలేరు’ అనేసి చేతులు దులుపుకోవడం తేలిక. సోవియట్ నటుడు ఇన్నోకెంతీ స్మొక్తునోవ్‌స్కీ విషయంలో ఆ మాట నాకు మింగుడుపడదు. చాలా ఏళ్లు ఆయనే దాక్కున్నాడు. దాక్కోవడం ఒంటబట్టిన మనిషి కాబట్టే ఆ నటన అలా వచ్చిందని నేననుకుంటాను.

1925లో సైబీరియా పల్లెలో పుట్టి, పద్దెనిమిదేళ్లకే రెండో ప్రపంచయుద్ధంలోని కుర్‌స్క్ పోరు చూశాడు. 1943 చివర్లో జర్మన్లకు చిక్కాడు. తప్పించుకుంటే ఒక ఉక్రెయిన్ కుటుంబం ఇంట్లో పెట్టుకుని బతికించింది. ఆ తర్వాత పార్టిజాన్లలో, అంటే జర్మన్లపై పోరాడే గెరిల్లా దళాల్లో చేరి పోరాడాడు. ఎంత పోరాడితేనేం, స్టాలిన్ కాలంలో శత్రువుకు బందీగా దొరికినవాడంటే అనుమానమే. అందుకే 1946లో ఆర్కిటిక్ వలయం అవతలి నోరిల్స్క్‌కు వెళ్లి అక్కడి నాటకశాలలో చేరాడు. అది ఖైదీల శిబిరాల ఊరు. అక్కడున్నవాణ్ని ఇంకెక్కడికి పంపుతారు? అదీ లెక్క.

మాస్కో చేరింది 1955లో. అక్కడా చిన్నాచితకా వేషాలే. ‘సైనికులు’ అనే సినిమాలో ఆయన కళ్లు చూసి గుర్తుపెట్టుకున్న దర్శకుడు తొవ్‌స్తనోగొవ్, లెనిన్‌గ్రాడ్ బోల్షోయ్ డ్రామా థియేటర్‌లో దోస్తోయెవ్‌స్కీ నవల ‘ఇడియట్’ నాటకానికి పిలిచాడు. 1957 డిసెంబర్ 31న కథానాయకుడు ప్రిన్స్ మిష్కిన్‌గా రంగం మీదికొచ్చేసరికి ఆయనకు 32 ఏళ్లు. ఆ పాత్రతో దేశమంతా ఆయన పేరు తెలిసింది.

1964లో కోజింత్సెవ్ తీసిన ‘హామ్లెట్’లో పిల్లనగ్రోవి సన్నివేశం ఒక్కటి చూడండి చాలు. కూపీ లాగడానికొచ్చిన పాత మిత్రుడి చేతికి పిల్లనగ్రోవి ఇచ్చి వాయించమంటాడు. రాదంటాడు వాడు. మరి నన్నెలా వాయిద్దామనుకున్నావని హామ్లెట్ అడుగుతాడు. చాలామంది నటులు ఇక్కడ గర్జిస్తారు. స్మొక్తునోవ్‌స్కీలో కోపం ఉంది, కానీ దాన్ని అరుపులోకి పోనివ్వడు. ఎవరు ఆరా తీస్తారో, ఎందుకు తీస్తారో ఏళ్ల తరబడి కనిపెట్టుకుని బతికినవాడికి ఆ మాటలు కొత్తగా నేర్పాలా?

అన్నీ ఈ స్థాయిలో ఉన్నాయనను. చివరి దశలో కొన్ని సినిమాల్లో ఆ సాగదీసే గొంతు అలవాటుగా మారిపోయింది. అయినా 1973లో మాలీ థియేటర్‌లో జార్ ఫ్యోదర్, 1976లో మాస్కో ఆర్ట్ థియేటర్‌లో చెహోవ్ ‘ఇవానొవ్’ వేసిన నటుణ్ని అలవాటు మనిషని కొట్టిపారేయలేం. ‘ఇవానొవ్’ దర్శకుడు ఒలేగ్ యెఫ్రేమొవ్. పదేళ్ల ముందు, 1966లో, ‘కారు జాగ్రత్త’ అనే హాస్యచిత్రంలో ఈయన దొంగ, ఆయన పోలీసు!

నాకు అన్నిటికంటే ఇష్టమైనది ఆ దొంగే. లంచగొండుల కార్లు కొట్టేసి, అమ్మిన డబ్బు అనాథాశ్రమాలకు పంపే దెతోచ్‌కిన్. తీరిక వేళల్లో అతను ఔత్సాహిక బృందంలో వేసే పాత్ర కూడా హామ్లెటే. చివర్లో జైలు శిక్ష పూర్తిచేసుకుని, గుండుతో వచ్చి, ప్రియురాలు నడిపే ట్రాలీబస్సు అద్దం ముందు నిలబడతాడు. ‘ల్యూబా, వచ్చేశాను’ అంటాడు.